నాలుగు అట్టలు, అవే పదమూడు పాటలు

ప్రశ్న: మాది తిరుపతి, బైరాగిపట్టెడ. వయసు 26. ల్యాబ్ టెక్నీషియన్‌గా పనిచేస్తున్నాను, జీతం 24,000. నాలుగేళ్లుగా పాప్ ఆల్బమ్‌ల స్పెషల్ ఎడిషన్ సీడీలు పోగుచేస్తున్నాను. ఇప్పటికి 61 అయ్యాయి. వాటిలో 19కి సీలు కూడా తీయలేదు, తీస్తే విలువ పోతుందని. టేలర్ స్విఫ్ట్ ‘మిడ్‌నైట్స్’ నాలుగు రంగుల్లోనూ కొన్నాను. ఇంట్లో ప్లేయర్ లేదు, ల్యాప్‌టాప్‌కు డ్రైవ్ లేదు, పాటలు ఫోన్‌లోనే వింటాను. ‘ఈ రేకు బిళ్లలకి ఇంత దుడ్డు పోస్తావా? పెండ్లిచూపులకు వచ్చినోళ్లు చూస్తే ఏమనుకుంటారు?’ అని అమ్మ రోజూ గొడవ. పోయిన వానలప్పుడు రెండు అట్టల మీద గోధుమరంగు మచ్చలు లేచాయి. ఇప్పుడు చెన్నైలో ఒకాయన మైకేల్ జాక్సన్ ‘బ్యాడ్’ 1987 నాటి జపాన్ ముద్రణ 9,000కి ఇస్తానంటున్నాడు. కొనమంటారా? అసలు నాది పిచ్చా?

సమాధానం:

అమ్మా, ముందు ఆ 9,000 సంగతి తేల్చేస్తాను. ఇప్పుడు కొనొద్దు. అందులో సగం కూడా అక్కర్లేదు, ముందు సీడీ మోగించే సాధనం ఒకటి ఇంటికి తెచ్చుకో. నీ ఉత్తరంలో నేను రెండోసారి చదువుకున్న వాక్యం జపాన్ ముద్రణ గురించి కాదు. 61 సీడీలున్న ఇంట్లో ఇంతవరకూ ఒక్కటీ మోగలేదన్నావే, అక్కడ ఆగిపోయాను.

పిచ్చి అని మాత్రం అనను. అనే అర్హత నాకు లేదు. తొంభైల చివర్లో పొద్దున్నే రైలెక్కి చెన్నై పోయి, సెంట్రల్ స్టేషన్ పక్కనే ఉన్న మూర్ మార్కెట్ అంగళ్లలో పాత సీడీలు కెలికి, సాయంత్రం రైలుకు తిరిగొచ్చేవాణ్ణి. మన ఊళ్లో అప్పుడు సినిమా పాటలకూ కీర్తనలకూ కొదవ లేదు, ఇంగ్లిష్ పాప్ కావాలంటే మాత్రం అక్కడికి పోవాల్సిందే. తిరుగు రైలు అరక్కోణం దాటేలోపు అట్టలోని చిన్న పుస్తకం మొత్తం చదివేసేవాణ్ణి, డ్రమ్స్ ఎవరు కొట్టారు, ఏ స్టూడియోలో రికార్డు చేశారు, చివరి పేజీలో ఎవరికి కృతజ్ఞతలు చెప్పారు, అన్నీ. ఫోన్‌లో పాట వినేవాడికి ఆ సుఖం దొరకదు. నీకు అది తెలుసు, అందుకే కొంటున్నావు. కాబట్టి నీ సరదా గురించి నాకు పేచీ లేదు. నా పేచీ ఆ 19 సీళ్లతో.

సీలు తీస్తే విలువ పోతుందనే మాట నేనూ నమ్మినవాణ్ణే. రెండు డిస్కులు పట్టే లావు ప్లాస్టిక్ డబ్బాలు ఉంటాయి చూడు, పాతవాటిలో డిస్కు కదలకుండా లోపల ఒక పల్చటి స్పాంజి పెట్టేవాళ్లు. అలాంటి సెట్టు ఒకటి కొని, సీలు తీయకుండా ఎనిమిదేళ్లు బీరువాలో దాచాను. ఒకరోజు మనసు ఆగక తెరిస్తే స్పాంజి కరిగి బంకలా మారి డిస్కు బొమ్మ వైపు అతుక్కుపోయి ఉంది. మెల్లగా లాగాను. బొమ్మతోపాటు పైపూతా, దాని కింది వెండి మెరుపూ ఊడివచ్చి, డిస్కులోంచి అవతలి వెలుతురు కనబడింది. ముందే తెరిచి ఉంటే ఆ స్పాంజి పారేసేవాణ్ణి, రూపాయి ఖర్చు లేకుండా డిస్కు బతికేది. నీ 19లో రెండు డిస్కులవి ఏవైనా ఉంటే ఈ రాత్రే తెరువు.

అక్కడ జరిగిందేమిటో అర్థం కావాలంటే సీడీ కట్టుబడి తెలియాలి. అడ్డంగా 120 మిల్లీమీటర్లు, మందం 1.2 మిల్లీమీటర్లు. ఆ మందం దాదాపు అంతా ఒట్టి పారదర్శక ప్లాస్టిక్కే. పాట ఉండేది అడుగున కాదు, పైన బొమ్మ అచ్చువేసిన వైపు, వెంట్రుకవాసి పైపూత కింద. అందుకే మెరిసే వైపు గీత పడినా చాలాసార్లు పాట పలుకుతుంది, బొమ్మ వైపు గోరు గీసుకుంటే ఆ ముక్క పోయినట్టే. మనమంతా చిన్నప్పటి నుంచీ తలకిందులుగా జాగ్రత్తపడ్డాం, మెరిసే వైపు పైకి పెట్టి, బొమ్మ వైపు బల్లకు రాసి. పాట దారి లోపలి నుంచి మొదలై బయటి అంచుకు చుట్టలు చుట్టుకుంటూ పోతుంది. నిండా పాటలున్న డిస్కులో ఆ చుట్టను విప్పితే 5 కిలోమీటర్లకు పైనే ఉంటుంది. అలిపిరి నుంచి కొండ మెట్లదారిలో సుమారు సగం అనుకో. తుడవాల్సి వస్తే మధ్య నుంచి అంచుకు నిలువుగా తుడవాలి. గుండ్రంగా తుడిస్తే పడే గీత ఆ దారి వెంబడే పోతుంది, లేజర్ సర్దుకోలేదు.

ఇక నాలుగు రంగుల సంగతి. 2022 అక్టోబరులో వచ్చిన ఆ ఆల్బమ్ నాలుగు అట్టల్నీ వెనక్కి తిప్పి పక్కపక్కన పేరిస్తే గడియారం ముఖం అవుతుంది. ఆలోచన ముచ్చటైనదే, కాదనను. కానీ నాలుగింటిలోనూ అవే పదమూడు పాటలు. అదే ఆల్బమ్‌కు లావెండర్ అట్టతో అమెరికాలో ఒకే దుకాణాల గొలుసులో అమ్మిన సీడీ ఇంకోటి ఉంది. అందులో అదనంగా మూడు ట్రాకులు, ఒక కొత్త పాట, రెండు పాత పాటల వేరే రూపాలు. ఒక్కటే కొనాలంటే నేను అదే కొనేవాణ్ణి. నువ్వు గడియారం కొన్నావు. సరే, కొన్నది కొన్నావు, అమ్మేయమని చెప్పను. ఇకమీదట మాత్రం కొత్త ఎడిషన్ కనబడగానే ముందు వెనక అట్ట మీది పాటల పట్టీ చదువు, తర్వాత బొమ్మ చూడు. పాట మారిందా, రికార్డింగు మారిందా, రాతలేమైనా కొత్తగా చేరాయా? ఏదీ మారకపోతే అది రెండో అట్ట, అంతే.

కంపెనీలు ఇన్ని అట్టలు ఎందుకు వేస్తాయో తెలిస్తే నీ చెయ్యి కొంత వెనకాడుతుంది. 2014 డిసెంబరు నుంచి అమెరికా బిల్‌బోర్డ్ ఆల్బమ్ పట్టికలో స్ట్రీమింగ్‌ను కూడా లెక్కలోకి తీసుకున్నారు. అప్పుడు పెట్టిన లెక్క ప్రకారం 1,500 స్ట్రీములు వింటే ఒక ఆల్బమ్ అమ్మినట్టు. ఆ లెక్క తర్వాత మారుతూ వచ్చింది గానీ సూత్రం అదే. ఫోన్‌లో వందలసార్లు విన్నా రాని అంకె, ఒక అభిమాని ఒక్క సీడీ కొంటే వచ్చేస్తుంది. అదే అభిమాని నాలుగు కొంటే నాలుగు. కొరియా బృందాల ఆల్బమ్‌లలో ఫొటోకార్డులు పెట్టేదీ ఇదే దారిలో. బీటీఎస్ వాళ్లు 2020లో ఒకే ఆల్బమ్‌ను నాలుగు వెర్షన్లలో తెచ్చారు. టేలర్ స్విఫ్ట్ 2014 నాటి ‘1989’ సీడీలో పదమూడేసి ఫొటోలు పెట్టారు, మొత్తం 65, అయిదు కట్టలు, మనకు ఏ కట్ట వస్తుందో తెరిస్తేగానీ తెలియదు. మా కాలంలో బబుల్‌గమ్ పొట్లంలో క్రికెటర్ల బొమ్మలు వచ్చేవి. గమ్ము నమలకుండా పారేసి బొమ్మ కోసం మళ్లీ కొనేవాళ్లం. తేడా ఏమంటే అప్పుడు మా చేతిలో జీతం ఉండేది కాదు.

అన్ని స్పెషల్ ఎడిషన్లూ ఇంతేనని కాదు. ‘బ్యాడ్’ మీద నీకు మనసుంది కదా, దానికే 2012లో వచ్చిన ఇరవై అయిదేళ్ల ఎడిషన్ చూడు. మూడు సీడీలు, ఒక డీవీడీ. అసలు ఆల్బమ్, అప్పుడు పక్కన పెట్టేసిన పాటలు, 1988 జులై 16న లండన్ వెంబ్లీ స్టేడియంలో జరిగిన కచేరీ. కచేరీ సీడీలోనూ ఉంది, డీవీడీలోనూ ఉంది. ఇలాంటివాటికి దుడ్డు పెడితే పెట్టినదానికి సరిపడా వినడానికి ఉంటుంది. ‘థ్రిల్లర్’కు కూడా 2001, 2008, 2022లో వేర్వేరు ఎడిషన్లు వచ్చాయి. ఒక్కోదానిలో అదనపు సరుకు వేరు. మూడూ కొనాలని చెప్పడం లేదు, చూసి ఒకటి ఎంచుకోమంటున్నాను.

రీమాస్టర్, అంటే పాత రికార్డింగు శబ్దాన్నే మళ్లీ సర్ది వేశామన్న ముద్ర చూసి మాత్రం మురిసిపోకు. తొంభైల నుంచి పాటను పక్కవాడి పాటకంటే గట్టిగా వినిపించాలనే పోటీ పెరిగింది. చిన్న శబ్దాలను పైకి లేపి, పెద్దవాటిని అదిమి, అన్నిటినీ ఒకే ఎత్తుకు తెచ్చేవాళ్లు. మొదట వినగానే హుషారుగా ఉంటుంది, అరగంట వింటే తల బరువెక్కుతుంది. అందుకే ఎనభైల నాటి ముద్రణలు తక్కువ శబ్దంతో వినబడినా కొందరు వాటినే వెతుక్కుంటారు. చెన్నై ఆయన 9,000 అడగడానికి ఉన్న ఒకే ఒక్క న్యాయమైన కారణం ఇది. పాటను ఫోన్ స్పీకర్లో వినే మనిషికి ఈ తేడా ఎలా తెలుస్తుంది, చెప్పు?

జపాన్ ముద్రణలకు ఎందుకంత మోజో కూడా చెప్తాను, ఎప్పటికైనా కొంటావు కాబట్టి. అక్కడ దేశంలో అచ్చయిన సీడీకంటే బయటినుంచి దిగుమతి అయిన అదే సీడీ చౌక. మరి స్వదేశీది ఎవరు కొంటారు? అందుకని వాళ్లు ఒకటో రెండో పాటలు అదనంగా చేర్చడం మొదలుపెట్టారు. పాటల మాటలు, వాటి జపనీస్ అనువాదంతో విడిగా ఒక కాగితం. డబ్బా వెన్నుకు చుట్టిన సన్నటి కాగితపు పట్టీ, దాన్ని ఓబీ అంటారు. కిమోనో నడికట్టును కూడా అలాగే పిలుస్తారు. దాని మీద ధర, క్యాటలాగు నంబరు ఉంటాయి. చాలామంది అక్కడ ఓబీని చింపి పారేసేవాళ్లు, కాబట్టి ఓబీ ఉన్న సీడీకి ధర ఎక్కువ.

ఇప్పుడు ఆ చెన్నై డిస్కు. ఆయన పంపింది ముందు అట్ట ఫొటో ఒక్కటే అయి ఉంటుంది, ఇలాంటి బేరాలన్నీ అలాగే మొదలవుతాయి. డిస్కు మెరిసే వైపు, మధ్య రంధ్రం చుట్టూ అద్దంలా ఉండే వలయాన్ని దగ్గరగా తీసి పంపమను. అక్కడ సన్నటి అక్షరాల్లో మ్యాట్రిక్స్ నంబరు, అంటే అది ఏ ముద్రణో చెప్పే నంబరు, చెక్కి ఉంటుంది. దాంతోపాటు ‘ఐఎఫ్‌పీఐ’ అని ఇంగ్లిష్ అక్షరాలు, వెనకే ఒక కోడు కనబడిందనుకో, అది 1987లో తయారైంది కాదు. ఏ ఫ్యాక్టరీ డిస్కో కనిపెట్టడానికి ఆ కోడు పెట్టడం 1994లో మొదలైంది. తర్వాత అచ్చువేసినది అయితే పాపమేమీ లేదు, మంచి సీడీయే, కానీ 9,000 సీడీ కాదు. ఓబీ మీది నంబరు, డబ్బా వెన్ను మీది నంబరు, డిస్కు మీది నంబరు మూడూ ఒకటే కావాలి. ఒక డిస్కు ఓబీ తెచ్చి ఇంకో డిస్కుకు చుట్టినవి నేను చూశాను. అడుగు వైపు ఆకుపచ్చగానో నీలంగానో కనబడితే మాట్లాడకుండా లేచిరా, అది ఇంట్లో రాసుకున్న ఖాళీ డిస్కు. ఫ్యాక్టరీలో అచ్చయింది వెండిలా ఉంటుంది. వెండి రంగులో ఉన్నా ఒకసారి దీపానికి అడ్డంపెట్టి చూడు, సూది మొనల్లా వెలుతురు చుక్కలు కనబడితే లోపలి పొర తినేసినట్టే.

బ్రిటన్ ముద్రణలు కొనేటప్పుడు ఇంకోటి గుర్తుంచుకో. 1988 నుంచి 1993 మధ్య బ్లాక్‌బర్న్ ఊళ్లో ఫిలిప్స్-డ్యూపాంట్ ప్లాంటులో తయారైన కొన్ని సీడీలు అంచు నుంచి లోపలికి కంచు రంగు తిరుగుతూ పాడయ్యాయి. పైపూత సరిగ్గా కుదరక, అట్ట కాగితంలోని గంధకం లోపలికి పాకింది. డిస్కు మీద ఆ సంస్థ పేరు, అంచున గోధుమరంగు రెండూ కనబడితే సగం ధరకైనా వద్దు.

ధర న్యాయమేనా అని తెలుసుకోవడానికి డిస్కాగ్స్ అనే వెబ్‌సైట్ చూడు. ఒక్కో ఆల్బమ్‌కు ఏ దేశంలో ఏ ముద్రణ, ఏ మ్యాట్రిక్స్ నంబరు, గతంలో ఎంతకు అమ్ముడైందో ఉంటుంది. అడుగుతున్న ధరలు చూడకు, అమ్ముడైన ధరలు చూడు. అడగడానికి ఎవరైనా ఎంతైనా అడుగుతారు. నీ 61నీ అక్కడ ఒక ఆదివారం కూర్చుని సరిచూసుకుంటే నీకే తెలుస్తుంది, లక్షల్లో అచ్చయిన సీడీ పైన ‘లిమిటెడ్’ అని రాసినంత మాత్రాన అరుదైపోదు. ఇవి పెట్టుబడి కావు. ముసలితనానికి ఆదుకుంటాయని ఒక్కటీ కొనొద్దు. విదేశం నుంచి పోస్టులో తెప్పిస్తే తపాలా ఖర్చు, కస్టమ్స్ సుంకం కూడా లెక్కలో వేసుకో.

ప్లేయర్ సంగతి. కొత్తది ఖరీదైనది అక్కర్లేదు. మీ చుట్టాల ఇళ్లలో అటక మీద పాత డీవీడీ ప్లేయర్ ఒకటి ఉండకపోదు, అది సీడీని శుభ్రంగా పాడుతుంది. వెనకాల ఎరుపు, తెలుపు గుంటల్లోంచి తీగ లాగి ఆంప్లిఫయర్ ఉన్న స్పీకరుకు కలుపుకోవచ్చు. ల్యాప్‌టాప్‌కు యూఎస్‌బీతో తగిలించే డ్రైవ్ రెండు వేలకు అటూఇటూగా వస్తుంది. దానితో ప్రతి సీడీనీ ఫ్లాక్ ఫైలుగా ఎక్కించుకో. అది కుదించినా శబ్దంలో ఏమీ పోనివ్వదు. రేపు డిస్కుకు ఏదైనా అయినా పాట నీ దగ్గర ఉంటుంది.

మచ్చలు బూజువి. తిరుపతిలో మనకు రెండు శత్రువులు, మే నెల ఎండ, నవంబరు ముసురు. ఆర్కైవుల్లో ఇలాంటివి 20 డిగ్రీల చలువలో పెట్టమంటారు, మన ఊళ్లో ఏసీ వేసుకున్న మనిషికే అది దక్కదు. కాబట్టి చేయగలిగింది చెయ్యి. పడమటి గోడకు ఆనించిన ఇనప బీరువాలో పెట్టకు, సాయంత్రానికి అది పెనం అవుతుంది. గోడకు రెండు వేళ్ల సందు వదిలి, నేలకు ఎత్తుగా, పుస్తకాల్లా నిలబెట్టు. ఒకదాని మీద ఒకటి దొంతర పేర్చకు. సిలికా జెల్ పొట్లాలు వేసి, వానలు మొదలయ్యే ముందు మార్చు. అట్టపెట్టెలాంటి డిజిప్యాకులకు పాలీప్రొపిలీన్ కవర్లు తొడుగు. పీవీసీ కవర్లు చౌకగా దొరుకుతాయి కానీ కాలంగడిస్తే జిడ్డు వదిలి అట్టకు అంటుకుంటాయి. మామూలు ప్లాస్టిక్ డబ్బా పగిలితే ఇంకోటి మార్చుకోవచ్చు, డిజిప్యాకు నలిగితే మార్చడానికి ఇంకోటి ఉండదు, కాబట్టి కవర్ల ఖర్చు ముందు వాటికి. మచ్చపడిన రెండింటినీ పొడిగుడ్డతో మెల్లగా తుడిచి నీడలో ఆరబెట్టి, మిగతావాటికి దూరంగా ఉంచు. తడి తగలనీయకు. చీరల బీరువాలో వేసినట్టు అమ్మ గనక కలరా ఉండలు వేస్తే తీసేయ్. వాటి ఆవిరికి సీడీ డబ్బాల ప్లాస్టిక్ మెత్తబడుతుంది. కర్పూరమూ వద్దు.

అమ్మ దగ్గరికొద్దాం. ఆమె ‘రేకు బిళ్లలు’ అన్నది నాకు నచ్చింది, నిజంగానే అవి రేకు బిళ్లలే. కానీ మన ఊళ్లో ఉండి పాటను రేకుల మీద దాచడాన్ని తక్కువ చేయగలమా? అన్నమయ్య 32,000 కీర్తనలు కట్టాడంటారు. వాటిలో మనకు మిగిలినవి రాగిరేకుల మీద చెక్కించి తిరుమల గుడిలో సంకీర్తన భాండాగారంలో పెట్టినందుకే మిగిలాయి. ఇది అమ్మకు చెప్పు. తర్వాత సగం నువ్వు విను. ఆ రేకులు శతాబ్దాలపాటు ఆ అరలో మూతపడి ఉన్నాయి. ఇరవయ్యో శతాబ్దంలో బయటికి తీసి చదివేనాటికి సాహిత్యం ఉంది, రాగాల పేర్లున్నాయి, అప్పట్లో పాడిన వరసలు లేవు. రాళ్లపల్లి అనంతకృష్ణశర్మగారి వంటి వాళ్లు మళ్లీ వరసలు కట్టాల్సి వచ్చింది.

ఆమె గొడవలో న్యాయమైన భాగం డబ్బు. 24,000 జీతంలో నెలకు 1,500 అని ఒక హద్దు పెట్టుకో, అది ఆమెకు చెప్పు. ఒక నెల కొనకపోతే తర్వాతి నెలకు చేర్చుకోవచ్చు, ముందే వాడుకోవడం మాత్రం కుదరదు. క్రెడిట్ కార్డు, ఈఎంఐ ఈ సరదా దరిదాపులకు రాకూడదు. ఈ లెక్కన ఆ జపాన్ ‘బ్యాడ్’ ఆరు నెలల తర్వాత నీది కావచ్చు, అప్పటికీ కావాలనిపిస్తే. మధ్యలో ఎవరైనా కొనుక్కుపోతే పోనీ, జపాన్‌లో అది ఒక్కటే అచ్చు కాలేదు. పెండ్లిచూపులవాళ్లు వచ్చినప్పుడు ఇవి మంచం కింద తోయొద్దు. ముందు గదిలో అద్దాల అరలో పెట్టు. వచ్చిన అబ్బాయి ఒకటి చేతిలోకి తీసుకుని తిప్పి చూస్తాడో, దాటి పోతాడో చూడటం నీకూ పనికొస్తుంది.

ఇక ఆ సీళ్లు. 19నీ ఒక్కసారే చించకు, వారానికి ఒకటి తెరిచి, మొదటి పాట నుంచి చివరిదాకా విను. లోపల పుస్తకం ఉందా, పేజీలు సరిగా కుట్టారా, డిస్కును పట్టే పళ్లు విరగలేదా చూసుకో. బ్లేడు వాడొద్దు, డిజిప్యాకు అంచు తెగుతుంది. వెన్ను దగ్గర ప్లాస్టిక్ మడిచి అతికించిన చోట గోరు దూర్చి లాగితే వస్తుంది. సీలు మీద ఎడిషన్ వివరాలతో చిన్న స్టిక్కరు అంటించి ఉంటే ఆ ముక్కను ప్లాస్టిక్‌తో సహా కత్తెరతో కత్తిరించి డబ్బా లోపల, పుస్తకం వెనకాల పెట్టుకో. ఎప్పుడైనా అమ్మదలిస్తే కొనేవాడు దాన్ని కూడా అడుగుతాడు.